“అసలు మీరు ఓనరే కాదు” అంటే? ఇల్లు ఖాళీ చేయించే పిటిషన్‌కు ముందు జాగ్రత్తలు

తెలంగాణలో రెంట్ కంట్రోలర్ (కిరాయి తగాదాలు తేల్చే అధికారి) దగ్గరికి వెళ్లేముందు ఇవి చూసుకోండి. నాన్న పోయాక ఇల్లు పిల్లల చేతికొస్తే, “మీరెవరు?” అని కిరాయిదారు అడగడం మామూలే. టెన్షన్ పడకండి.

• ముందు రసీదు పుస్తకం వెతకండి. 1960 నాటి రెంట్ కంట్రోల్ చట్టం దృష్టిలో ఇంటి యజమానే కాదు, కిరాయి తీసుకునే హక్కున్నవారూ లాండ్‌లార్డే. పాత రసీదు కార్బన్ కాపీ మీద కిరాయిదారు సంతకం, మీ ఖాతాలో నెలనెలా అతని పేరుతో పడిన జమ: నా దృష్టిలో వీటికి మించిన ఆధారం లేదు.

• అతన్ని ఇంట్లో దించిందెవరు? దించినవారి హక్కును, ఆ కిరాయి నడుస్తుండగా అతను కాదనలేడు. పాత సాక్ష్య చట్టంలో ఇది 116వ సెక్షన్, దాని బదులు వచ్చిన 2023 సాక్ష్య చట్టంలో 122. అయితే మీరు తర్వాత కొన్నవారో వారసులో అయితే, ఆ దించినవారి నుంచి మీదాకా హక్కు ఎలా వచ్చిందో కాగితాలతో చూపాలి.

• ఇల్లు చేతులు మారితే కిరాయిదారుకు వెంటనే రాతపూర్వకంగా చెప్పండి. తెలియక పాత ఓనరుకు కట్టేసిన కిరాయిని మళ్లీ అడగలేరు.

• అన్న తరఫున కేవలం ఏజెంటుగా వసూలు చేస్తున్నారా? పిటిషన్‌కు ముందే ఆయన రాతపూర్వక అనుమతి తీసుకోండి.

• కంట్రోలర్ టైటిల్‌ను (ఇంటి యాజమాన్య హక్కును) శాశ్వతంగా తేల్చరు. కిరాయిదారు కాదనడంలో నిజాయితీ ఉందా అన్నదే చూస్తారు. ఉందని రాస్తే మీరు సివిల్ కోర్టుకు వెళ్లాలి. లేదంటే, ఆ కాదనడమే ఖాళీ చేయించడానికి ఒక కారణమవుతుంది.

• కోపంలో కరెంటు, నీళ్లు ఆపొద్దు. ఆ ఇంట్లోనూ పిల్లలుంటారు, పైగా చట్టం ఒప్పుకోదు.