చర్చిలో పాఠం చదివే వంతు వస్తే

ఆంగ్లికన్ (ఇంగ్లండ్ చర్చి సంప్రదాయపు) ఆరాధనలో పాఠం, అంటే బైబిల్లోని ఒక భాగం, చదవమన్నారా? టెన్షన్ వద్దు. ఏ అధ్యాయం, ఏ వచనం నుంచి ఏ వచనం దాకా అన్నది ముందే పాస్టర్‌గారిని అడిగి రాసుకోండి. సువార్త భాగం (యేసు జీవితం, బోధలు చెప్పే పుస్తకాల్లోది) మీది కాదు, దాన్ని మామూలుగా గురువో డీకనో (గురువు కింది హోదా సేవకుడు) చదువుతారు, అందరూ లేచి నిలబడతారు.

ఇంట్లో గొంతెత్తి చదివి చూడండి. పెంతెకొస్తు పండుగకు (పరిశుద్ధాత్మ శిష్యులపైకి దిగివచ్చిన రోజుకు) వచ్చే అపొస్తలుల కార్యములు 2వ అధ్యాయమే తీసుకోండి: పార్తీయులు, మాదీయులు, ఏలామీయులు, ఆపైన కప్పదొకియ, ఫ్రుగియ, పంఫులియ! కళ్లతో చదివితే నోరు తిరగదు. ఒక్కో పేరు దగ్గర రవ్వంత ఆగితే చాలు. ఉచ్చారణ అటూ ఇటూ అయినా తడబడకుండా సాగిపోండి, ఎవరూ పట్టించుకోరు.

పాత చర్చిల్లో బైబిల్ పెట్టే స్టాండు రెక్కలు చాచిన ఇత్తడి గద్దలా ఉంటుంది. గద్ద సువార్తికుడైన యోహానుకు గుర్తు. అక్కడికి వెళ్లాక పుస్తకం పేరు, అధ్యాయం చెప్పండి. వచనాల అంకెలు చదవకండి. నాటకంలోలా గొంతులు మార్చడం నాకైతే అస్సలు నచ్చదు.

చివర కాస్త ఆగి ‘ఇది ప్రభువు వాక్యం’ అనండి. సంఘం ‘దేవునికి స్తోత్రం’ అనేదాకా కదలొద్దు. వచ్చేముందు, తర్వాత చదివేవారి కోసం వాళ్ల పేజీ తీసి పెట్టండి.