వేలం ప్రకటన పడకముందే ఇల్లు విడిపించుకోండి

బ్యాంకు రికవరీ సెక్షన్లో పనిచేసి రిటైరైనవాణ్ణి. ఇప్పటికీ తెలిసినవాళ్లు నోటీసులు పట్టుకుని నా దగ్గరికొస్తారు. నేను ముందుగా అడిగేది, "పేపర్లో వేలం ప్రకటన పడిందా?" అని.

ఎందుకంటే తనఖా విడిపించుకునే హక్కు ఆ తేదీ మీదే ఆధారపడి ఉంది. కోర్టుకి వెళ్లకుండానే తనఖా ఆస్తిని బ్యాంకు స్వాధీనం చేసుకుని అమ్ముకునే వీలిచ్చేది సర్ఫేసీ చట్టం. దాని 13(8) సెక్షన్ ప్రకారం ఒకప్పుడు అమ్మకానికి నిర్ణయించిన తేదీ వచ్చేలోగా బాకీ కడితే సరిపోయేది. 2016లో చట్టం మారింది. ఇప్పుడు వేలం నోటీసు ప్రచురించే తేదీకి ముందే అసలు, వడ్డీ, బ్యాంకు పెట్టిన ఖర్చులు అన్నీ కట్టెయ్యాలి. 2023లో బాఫ్నా మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు కూడా ఇదే చెప్పింది. ప్రకటన పడ్డాక నగలు అమ్మి డబ్బు తెచ్చినవాళ్లను చూశాను. చాలా బాధేస్తుంది.

వాయిదా 90 రోజులు దాటి బకాయి పడితే ఖాతా ఎన్‌పీఏ, అంటే మొండి బాకీ, అవుతుంది. తర్వాత బాకీ మొత్తం కట్టమంటూ 13(2) సెక్షన్ కింద నోటీసు, 60 రోజుల గడువు. పోస్ట్‌మ్యాన్ తెస్తే తీసుకోండి. వద్దని పంపించేస్తే తలుపుకి అంటిస్తారు, పేపర్లో వేస్తారు, అదీ అందినట్టే లెక్క. కవరు మీద అందిన తేదీ రాసి దాచండి. వెంటనే లోన్ స్టేట్‌మెంట్ తెప్పించి, నోటీసులో వేసిన మొత్తంతో వరసగా సరిచూడండి. జరిమానాల మీద మళ్లీ వడ్డీ వెయ్యకూడదని రిజర్వ్ బ్యాంక్ నిబంధన ఉంది. తేడా కనిపిస్తే అభ్యంతరం రాసి రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. బ్యాంకు 15 రోజుల్లో కారణాలతో జవాబివ్వాలి. ఫోన్లో మేనేజర్ ఇచ్చిన భరోసా ఏ కోర్టులోనూ నిలవదు.

మొత్తం కట్టలేనివాళ్లకు నేను గట్టిగా చెప్పేది, ఆస్తిని మీరే అమ్మండి అని. బేరం మీ చేతిలో ఉంటే వేలంలో కంటే మంచి ధర రావచ్చు. కాకపోతే నోటీసు వచ్చాక బ్యాంకు రాతపూర్వక అనుమతి లేకుండా అమ్మడానికి వీల్లేదు. కొనేవాణ్ణి బ్రాంచికి తీసుకెళ్లండి. డబ్బు నేరుగా లోన్ ఖాతాకి కట్టేలా, రిజిస్ట్రేషన్ రోజున ఒరిజినల్ దస్తావేజులు ఇచ్చేలా ఉత్తరం రాయించుకోండి. ఇద్దరికీ భయం తీరుతుంది.

వన్ టైమ్ సెటిల్‌మెంట్, అంటే కొంత తగ్గించుకుని బాకీ తేల్చేసే ఒప్పందం, అడగొచ్చు, కానీ అది మన హక్కు కాదని సుప్రీంకోర్టు 2021లోనే తేల్చింది. దరఖాస్తుతోపాటు కొంత కట్టి, మిగతాది ఎక్కణ్ణుంచి తెస్తారో రాయండి. మంజూరు పత్రంలోని చివరి తేదీ తప్పితే రాయితీ అంతా పోయే ప్రమాదం ఉంది, అందుకే అందుకోగలిగిన తేదీలే ఒప్పుకోండి.

బ్యాంకు స్వాధీన నోటీసు అంటించిందా? ఆ చర్య జరిగిన 45 రోజుల్లో డీఆర్‌టీకి, అంటే బ్యాంకు బాకీల ట్రిబ్యునల్‌కి, వెళ్లాలి. మనకు హైదరాబాద్, విశాఖపట్నంలో ఉన్నాయి. ఊళ్లోని సివిల్ కోర్టుకి ఈ విషయంలో అధికారం లేదు, అక్కడ తిరిగితే గడువు కరిగిపోతుంది. నోటీసు సరిగ్గా ఇవ్వలేదనో, తనఖా పెట్టింది వ్యవసాయ భూమనో గట్టి కారణం ఉండాలి. సాగు భూమికి ఈ చట్టం వర్తించదు, కాబట్టి పాస్‌బుక్, అడంగల్ లేదా పహాణీ వెంట తీసుకెళ్లండి. స్టే ఇచ్చేటప్పుడు ట్రిబ్యునల్ కొంత కట్టమనడం మామూలే, ఆ సొమ్ము సిద్ధంగా ఉంచుకోండి.

వేలం అయిపోయినా లెక్క అడగండి. బాకీ, ఖర్చులు పోను మిగిలింది మీదే.

వడ్డీ వ్యాపారి దగ్గర పెట్టిన తనఖాకి దారి వేరు. సివిల్ కోర్టులో విడుదల దావా వెయ్యాలి, అందుకు 30 ఏళ్ల గడువుంది. అయితే తనఖా పత్రానికి బదులు క్రయదస్తావేజే రాయించుకుని, తిరిగిస్తానని నోటిమాట చెప్పి ఉంటే, తనఖా అని నిరూపించడం చాలా కష్టం. అలాంటి సంతకం ఎంత అవసరమున్నా పెట్టకండి.

బాకీ తీరాక నో డ్యూ సర్టిఫికెట్ తీసుకోండి. 30 రోజుల్లో ఒరిజినల్స్ ఇవ్వాలి. బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకి 5,000 రూపాయలు చెల్లించాలని 2023 డిసెంబరు నుంచి నిబంధన ఉంది. లింకు డాక్యుమెంట్లన్నీ తనఖా పెట్టినప్పటి జాబితాతో సరిచూసుకోండి. తనఖా రిజిస్టరై ఉంటే సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో రద్దు చేయించి, కొత్త ఈసీ (ఆస్తి మీదున్న తనఖాలు, లావాదేవీలు చూపే పత్రం) తీయించండి. తనఖాలు నమోదు చేసే కేంద్ర రిజిస్ట్రీ సెర్సాయ్‌లో ఎంట్రీ తొలగించారో లేదో బ్రాంచిలోనే అడిగి, కాగితం తీసుకున్నాకే బయటికి రండి.