స్టూవర్ట్ రాజవంశం గురించి గంటసేపు మాట్లాడవలసి వస్తే

చెన్నైలోని తెలుగు సంఘాల సమావేశాలలో విదేశీ చరిత్ర మీద మాట్లాడమని ఎవరినైనా అడిగినప్పుడు, వక్త సాధారణంగా రాజుల పేర్లూ తేదీలూ వరుసగా చదివి గంట గడిపేస్తారు. స్కాట్లండ్‌ను 1371 నుంచి ఏలిన స్టూవర్ట్ వంశం విషయంలో ఈ పద్ధతి బొత్తిగా పనికిరాదు. ఇద్దరు రాబర్టుల తరువాత ఐదుగురు జేమ్సులు ఒకరి వెనుక ఒకరు వస్తారు కనుక, మూడో జేమ్స్ దగ్గరికి చేరేసరికే ఎవరు ఎవరి కొడుకో తెలియక శ్రోతల చూపు కాఫీ ఫ్లాస్కు వైపు మళ్లుతుంది. అందువల్ల ప్రసంగాన్ని ఒకే ఒక ప్రశ్న చుట్టూ కట్టుకోవాలి. 1406 నుంచి 1567 వరకు ఈ సింహాసనానికి వచ్చిన ఏడుగురూ మైనర్లే. అయినా వంశం ఎందుకు నిలిచింది?

ముందుగా ఒక పెద్ద కాగితం మీద ప్రతి పాలకుని పేరు, గద్దెనెక్కిన సంవత్సరం, అప్పటి వయసు, మరణించిన తీరు రాసుకోండి. వయసు గడి నింపుతున్నప్పుడే విషయం మీకు బోధపడుతుంది: మొదటి జేమ్స్‌కు పదకొండేళ్లు, రెండో జేమ్స్‌కు ఆరేళ్లు, మూడో జేమ్స్‌కు ఎనిమిదో తొమ్మిదో, నాలుగో జేమ్స్‌కు పదిహేను, ఐదో జేమ్స్‌కు పదిహేడు నెలలు, మేరీకి ఆరు రోజులు, ఆరో జేమ్స్‌కు పదమూడు నెలలు. ఈ కాగితాన్ని సభలో గోడకు అంటించండి. పవర్‌పాయింట్ ఉన్నా సరే, శ్రోత తల ఎత్తినప్పుడల్లా కనిపించేది ఇదే కావాలి. పుస్తకాల కోసం ఎగ్మూరులోని కన్నెమరా గ్రంథాలయానికి వెళ్లేవారు కేటలాగులో ఈ పేరును రెండు అక్షరక్రమాలతోనూ వెతకాలి. పాత స్కాట్లండ్ రాత (Stewart) ఒకటి, మేరీతో పాటు ఫ్రాన్స్ నుంచి వచ్చిన రాత (Stuart) ఇంకొకటి.

వంశం పుట్టుకకు ఐదు నిమిషాలకు మించి ఇవ్వనక్కరలేదు. ఫ్రాన్స్ పశ్చిమ తీరాన ఉన్న బ్రిటనీ ప్రాంతపు కుటుంబంలో పుట్టిన వాల్టర్ ఫిట్జ్ అలాన్ పన్నెండో శతాబ్దంలో స్కాట్లండ్ రాజు మొదటి డేవిడ్ కొలువులో చేరి, రాజగృహ నిర్వహణాధికారి, అంటే స్టీవర్డ్, అయ్యాడు. ఆ పదవి అతని సంతతికి వంశపారంపర్య హక్కుగా దక్కి, క్రమంగా ఇంటిపేరుగా స్థిరపడింది. మరాఠా రాజ్యంలో పీష్వా పదవి ఒక కుటుంబానికే దక్కిన వైనం తెలిసిన శ్రోతలకు ఇది వెంటనే అర్థమవుతుంది. 1315లో ఆరో నిర్వహణాధికారి, అతని పేరూ వాల్టరే, రాబర్ట్ బ్రూస్ కుమార్తె మార్జరీని పెళ్లాడాడు. బ్రూస్ కొడుకు రెండో డేవిడ్ సంతానం లేకుండా 1371లో మరణించడంతో మార్జరీ కొడుకు రాబర్ట్ యాభై నాలుగేళ్ల వయసులో రెండో రాబర్ట్‌గా రాజయ్యాడు. యుద్ధం చేసి గెలుచుకున్న రాజ్యం కాదిది. పెళ్లి సంబంధం ద్వారా, ఓపికగా ఎదురుచూడడం ద్వారా వచ్చినది.

ఇక్కడ ఒక చిక్కును మాత్రం తప్పకుండా చెప్పాలి. రెండో రాబర్ట్ మొదటి భార్య పిల్లలు పెళ్లికి ముందే పుట్టినవారు. పోపు అనుమతితో 1347లో వారికి వారసత్వ హక్కు కల్పించారు. రెండో భార్య కొడుకుల మనసులో ఆ గాయం మానలేదు. దీన్ని వదిలేస్తే 1437 నాటి హత్య అర్థం కాదు.

ఆ హత్యకు పది నిమిషాలు కేటాయించండి. మూడో రాబర్ట్ తన కొడుకు జేమ్స్‌ను క్షేమం కోసం 1406లో ఫ్రాన్స్‌కు ఓడ ఎక్కించాడు. ఆంగ్లేయులు సముద్రం మీదనే ఆ బాలుణ్ణి పట్టుకున్నారు. వార్త విన్న కొద్ది రోజులకే తండ్రి కన్నుమూశాడు. పద్దెనిమిదేళ్ల నిర్బంధం తరువాత 1424లో తిరిగి వచ్చిన మొదటి జేమ్స్, తన బదులు దేశాన్ని ఏలిన అల్బనీ కుటుంబాన్ని మరుసటి ఏడే వధ్యశిల ఎక్కించాడు. 1437 ఫిబ్రవరిలో పెర్త్ నగరంలోని మఠంలో విడిది చేసి ఉండగా రాత్రివేళ హంతకులు లోపలికి చొరబడ్డారు. రాజు నేల పలకలు పెకలించి కింద ఉన్న మురుగు కాలువలోకి దిగాడు. ఆ కాలువకు బయటికి దారి ఉండేది. కానీ టెన్నిస్ ఆడేటప్పుడు బంతులు అందులోకి పోతున్నాయని మూడు రోజుల ముందు ఆయనే దాన్ని మూయించాడని అప్పటి వృత్తాంతం చెబుతుంది. ఆయనను అక్కడే పొడిచి చంపారు. కుట్ర వెనుక ఉన్నది రెండో రాబర్ట్ రెండో భార్య కొడుకు, అథోల్ ప్రభువు వాల్టర్. ఇంత చేసినా అతనికి సింహాసనం దక్కలేదు. గాయపడి తప్పించుకున్న రాణి జోన్ పక్షం నిలబడింది, ఆరేళ్ల రెండో జేమ్స్‌కు నెల తిరిగేసరికి పట్టాభిషేకం జరిగింది, అథోల్‌ను చిత్రహింసలు పెట్టి చంపారు.

మన ప్రశ్నకు సమాధానం చెప్పవలసింది ఈ ఘట్టం తరువాతనే. స్కాట్లండ్ ప్రభువులు రాజును మార్చాలని కాదు, బాలరాజును తమ చేతిలో ఉంచుకోవాలని పోట్లాడుకున్నారు. బాలుడు ఎవరి కోటలో ఉంటే రాజముద్ర వారి దగ్గర ఉన్నట్టే. 1488లో మూడో జేమ్స్‌పై తిరగబడినవారు సైతం పదిహేనేళ్ల యువరాజునే ముందు నిలిపారు. సాకీబర్న్ యుద్ధంలో తండ్రి చనిపోతే ఆ కుర్రవాడే నాలుగో జేమ్స్ అయ్యాడు. ఐదో జేమ్స్‌ను ఆంగస్ ప్రభువు తన గుప్పిట్లో పెట్టుకోగా 1528లో అతడు తప్పించుకున్నాడు. ఆరో జేమ్స్‌ను 1582లో కొందరు ప్రభువులు ఎత్తుకుపోయి పది నెలలు నిర్బంధించారు. దీనికి తోడు ఒక చట్టపరమైన ఆచారం ఉండేది: రాజు ఇరవై ఐదేళ్లు నిండేలోపు, తన బాల్యంలో ఇచ్చిన భూములనూ పదవులనూ రద్దు చేయవచ్చు. అంటే రాజప్రతినిధి ఎంత దోచిపెట్టినా లెక్క తేల్చే రోజు ఒకటి ఉంటుందని అందరికీ తెలుసు. నా దృష్టిలో ఈ వంశాన్ని కాపాడింది రాజుల శౌర్యం కంటే ఈ ఏర్పాటే ఎక్కువ.

రెండో, మూడో జేమ్సులను త్వరగా దాటించవచ్చు. రెండో జేమ్స్ 1460లో రాక్స్‌బరో ముట్టడిలో తన సొంత ఫిరంగి పేలి చనిపోయాడు. మూడో జేమ్స్ పెళ్లికి రావలసిన కట్నానికి తాకట్టుగా ఆర్క్నీ, షెట్లాండ్ దీవులు డెన్మార్క్ రాజు నుంచి స్కాట్లండ్‌కు వచ్చాయి. ఆ కట్నం డబ్బు ఎన్నటికీ అందలేదు, దీవులు ఉండిపోయాయి. ఈ మాటకు మన సభల్లో నవ్వు ఖాయం.

నాలుగో జేమ్స్ దగ్గర మళ్లీ ఆగాలి. ఆయన శ్రీకృష్ణదేవరాయలకు సమకాలికుడు. రాయలు ఉదయగిరి ముట్టడిలో ఉన్న 1513లోనే, సెప్టెంబరు 9న, ఇంగ్లండ్ సరిహద్దులోని ఫ్లాడెన్ వద్ద జేమ్స్ నేలకొరిగాడు. అబర్డీన్‌లో విశ్వవిద్యాలయం, దేశంలో తొలి ముద్రణాలయం, ఆనాటి అతి పెద్ద నౌకల్లో ఒకటైన గ్రేట్ మైకేల్ ఈయన కాలానివే. ఫ్లాడెన్‌లో స్కాట్లు పొడవాటి బల్లేలు పట్టి కొండ దిగారు. దిగువన తడిసిన నేలలో వరుసలు చెదిరాక ఆంగ్లేయుల పొట్టి గొడ్డలి ఈటెల ముందు ఆ బల్లేలు భారమయ్యాయి. రాజుతో పాటు సెయింట్ ఆండ్రూస్ ఆర్చిబిషప్పుగా ఉన్న ఆయన సొంత కొడుకు కూడా చనిపోయాడు. ఇంతకు పదేళ్ల ముందు శాంతి ఒప్పందానికి గుర్తుగా ఇంగ్లండ్ రాకుమారి మార్గరెట్ ట్యూడర్‌ను ఆయన పెళ్లాడాడు. యుద్ధంలో పోగొట్టుకున్నదాన్ని ఆ పెళ్లే 1603లో తెచ్చిపెట్టింది.

ఐదో జేమ్స్ కుమార్తె, ఆరో జేమ్స్ తల్లి అయిన మేరీ కథతో జాగ్రత్త. ఆమెకు పట్టు ఇస్తే గంట మొత్తం మింగేస్తుంది. తళ్లికోట యుద్ధం జరిగిన 1565లోనే ఆమె డార్న్లీని పెళ్లాడిందనీ, రెండేళ్లలో డార్న్లీ హత్య, బాత్‌వెల్ ప్రభువుతో వివాహం, పదవీత్యాగం వెంటవెంటనే జరిగాయనీ, ఇంగ్లండ్‌లో ఆశ్రయం కోరి వెళ్లి పందొమ్మిదేళ్ల నిర్బంధం తరువాత 1587లో శిరచ్ఛేదానికి గురైందనీ చెప్పి ముందుకు సాగండి. హత్యలో ఆమె పాత్ర ఎంత అన్న చర్చను ప్రశ్నల సమయానికి వదిలేయడం మంచిది.

1603లో ఇంగ్లండ్ రాణి ఎలిజబెత్ మరణంతో, మార్గరెట్ ట్యూడర్ మునిమనవడైన ఆరో జేమ్స్ ఇంగ్లండ్‌కూ రాజై లండన్‌కు తరలిపోయాడు; ఆ తరువాత స్కాట్లండ్‌కు తిరిగి వచ్చింది ఒక్కసారి, 1617లో. ఇక్కడి నుంచి కథ మన తీరానికి చేరుతుంది. ఆయన ఏలుబడిలోనే 1611లో ఆంగ్లేయుల కంపెనీ మచిలీపట్నంలో వర్తక స్థావరం పెట్టింది. దామెర్ల వెంకటాద్రి నాయకుడి నుంచి చెన్నపట్నం స్థలం కంపెనీకి దక్కిన 1639లో, ఆరో జేమ్స్ కొడుకు మొదటి చార్లెస్ స్కాట్ల మీదికే సైన్యంతో బయలుదేరి ఉన్నాడు. కారణం, తమ చర్చిపై ఇంగ్లండ్ తరహా ప్రార్థనా గ్రంథాన్ని రుద్దడాన్ని వారు సహించకపోవడం. బాలరాజుల కాలంలో నిలబడిన వంశం, వయసు వచ్చిన రాజు మొండితనంతో కూలింది. చార్లెస్ తల 1649 జనవరి 30న తెగిపడింది. రాజు చర్చిని శాసించరాదన్న ఆ ప్రెస్బిటేరియన్ సంప్రదాయంలో కట్టినదే 1821లో పూర్తయిన ఎగ్మూరు సెయింట్ ఆండ్రూస్ చర్చి. ప్రసంగానికి ముందు ఒకసారి చూసి వస్తే ఈ భాగం చెప్పడం తేలికవుతుంది.

1660లో ఈ వంశం మళ్లీ గద్దెనెక్కింది; దాని చివరి పాలకులను చెన్నై కార్పొరేషన్ మీదుగా చెప్పండి. దానికి 1687 డిసెంబరులో హక్కుపత్రం దక్కినప్పటి రాజు ఇంగ్లండ్ లెక్కలో రెండో, స్కాట్లండ్ లెక్కలో ఏడో జేమ్స్. 1688 సెప్టెంబరు 29న ఇక్కడ కార్పొరేషన్ ప్రారంభమైంది. నవంబరులో జేమ్స్ అల్లుడు, డచ్చి పాలకుడు విలియం సైన్యం ఇంగ్లండ్‌లో దిగింది, డిసెంబరులో జేమ్స్ ఫ్రాన్స్‌కు పారిపోయాడు. ఆయన కుమార్తె ఆన్ కాలంలో, 1707 మే 1న, రెండు రాజ్యాలు ఒకటయ్యాయి. ఆమెకు బతికిన సంతానం లేనందున 1714లో స్టూవర్ట్ పాలన ముగిసింది. సింహాసనం కోసం వారి వారసుల చివరి ప్రయత్నం 1746లో కలోడెన్ మైదానంలో ఓడిపోయింది.

ప్రశ్నల సమయంలో, ఇప్పటి బ్రిటిష్ రాజుకు వీరితో చుట్టరికం ఉందా అని ఎవరో ఒకరు అడిగి తీరుతారు. ఉంది. ఆరో జేమ్స్ కుమార్తె ఎలిజబెత్, ఆమె కుమార్తె సోఫియా, సోఫియా కొడుకు మొదటి జార్జ్. మూడో చార్లెస్ ఆ జార్జ్ సంతతివాడే.