‘లెట్’ అంటే వెళ్ళనివ్వడమా, అడ్డుకోవడమా? పోల్చుకునే పద్ధతి

పాస్‌పోర్ట్ లోపలి పేజీలో ఒక అభ్యర్థన అచ్చయి ఉంటుంది. భారత పాస్‌పోర్ట్‌లో రాష్ట్రపతి పేరిట, బ్రిటిష్ పాస్‌పోర్ట్‌లో రాజు లేదా రాణి పేరిట. ఈ పాస్‌పోర్ట్ గల వ్యక్తిని ‘వితౌట్ లెట్ ఆర్ హిండ్రెన్స్’ స్వేచ్ఛగా వెళ్ళనివ్వమని దాని సారాంశం. లెట్ అంటే అనుమతి అని బడిలో నేర్చుకున్నవాళ్ళకు ఇక్కడే మెలిక పడుతుంది. ‘అనుమతి లేకుండా వెళ్ళనివ్వండి’ అనుకుంటే వాక్యానికి తలా తోకా ఉండదు. ఈ లెట్ అనుమతి కాదు, అడ్డంకి. ‘అడ్డంకులు, ఆటంకాలు లేకుండా’ అని తెలుగు చేస్తే సరిగ్గా సరిపోతుంది. నోటికి అలవాటైంది కదా అని ‘అడ్డూ అదుపూ లేకుండా’ అని మాత్రం రాయకండి. అప్పుడు ప్రయాణికుడి దారి సుగమం కాదు, ప్రయాణికుడే అదుపు తప్పినట్టవుతుంది.

ఒకే మాటకు ఇంత ఎదురెదురు అర్థాలు ఎలా వచ్చాయంటే, అది మొదట ఒక మాట కాదు. పాత ఇంగ్లీషులో రెండు క్రియలు ఉండేవి. ఒకటి ‘ల్యాటన్’: వదలడం, విడిచిపెట్టడం, పోనివ్వడం. రెండోది ‘లెట్టన్’: అడ్డుకోవడం, జాప్యం చేయడం. రెండోది పుట్టింది మందకొడి, ఆలస్యం అనే అర్థమున్న విశేషణం నుంచి. ఇవాళ మనం రోజుకు పదిసార్లు అనే ‘లేట్’ ఆ విశేషణమే. అంటే లెట్ చేయడమంటే అక్షరాలా లేట్ చేయడమన్నమాట. అమెరికా పాస్‌పోర్ట్‌లో ఇదే చోట ‘వితౌట్ డిలే ఆర్ హిండ్రెన్స్’ అని ఉంటుంది. మాట మారినా పాత భావం అలాగే నిలిచింది. కాలక్రమంలో రెండు క్రియల చివరలూ అరిగిపోయి, పలుకూ రాతా ఒకటైపోయాయి. ఒకే రూపంతో ‘పోనివ్వు’, ‘పోనివ్వకు’ రెండూ చెప్పాల్సి వస్తే ఏదో ఒకటి ఓడిపోక తప్పదు. అడ్డుకోవడం ఓడిపోయింది. పాత పుస్తకాల్లో, చట్టపు భాషలో, ఆటస్థలంలో మాత్రం మిగిలింది.

పాత వాక్యంలో లెట్ కనిపిస్తే ఏది ఏదో తేల్చుకోవడానికి మొదట దాని తర్వాత ఏముందో చూడాలి. లెట్ తర్వాత ఒక మనిషో వస్తువో వచ్చి, ఆ తర్వాత ‘టు’ లేని క్రియ ఉంటే అది పోనివ్వడమే: ‘లెట్ హిమ్ గో’. మనిషి దగ్గరే వాక్యం ఆగిపోయి, తర్వాత క్రియ గానీ, ఇన్, అవుట్, ఆఫ్ లాంటి చిన్నమాట గానీ లేకపోతే అనుమానించండి. రచన 17వ శతాబ్దానిదో అంతకు ముందుదో అయితే మరీ అనుమానించండి. మనిషి తర్వాత ‘ఫ్రమ్’ వస్తే దాదాపు ఖాయంగా అడ్డుకోవడమే. ‘లెటెడ్’ అనే భూతకాల రూపం కనిపించినా అంతే. పోనిచ్చే లెట్‌కు ఇప్పుడు భూతకాలంలోనూ అదే రూపం. ఇక లెట్ ముందు ‘ఎ’, ‘నో’, ‘వితౌట్’ ఉంటే అది నామవాచకం. అప్పుడు అడ్డంకి, ఆటలో లెట్, ఇల్లు అద్దెకివ్వడం, ఈ మూడింట్లో ఒకటి.

ఈ పరీక్షను షేక్‌స్పియర్ నాటకం హామ్లెట్ మీద పెట్టి చూడండి. మొదటి అంకం నాలుగో రంగంలో తండ్రి దెయ్యం పిలుస్తుంటే హామ్లెట్ వెంట వెళ్ళబోతాడు. స్నేహితులు చేతులు పట్టుకుని ఆపుతారు. అప్పుడు అంటాడు: ‘ఐ విల్ మేక్ ఎ ఘోస్ట్ ఆఫ్ హిమ్ దట్ లెట్స్ మీ’. ‘మీ’ తర్వాత ఏమీ లేదు, వాక్యం అక్కడే ముగిసింది. కాబట్టి ‘నన్ను ఆపినవాణ్ణి దెయ్యాన్ని చేసేస్తా’ అని అర్థం. ఈనాటి అర్థంతో చదివితే, వెళ్ళనిచ్చినవాణ్ణి చంపుతానన్నట్టు అవుతుంది. నాటకం చదివే విద్యార్థులు జారిపడే చోటు ఇదే.

ఇంతకన్నా మంచి అభ్యాసం 1611 నాటి ఇంగ్లీషు అనువాదం కింగ్ జేమ్స్ బైబిల్‌లో ఉంది. నిర్గమకాండం అయిదో అధ్యాయం మొదటి వచనంలో మోషే, అహరోను ఈజిప్టు రాజు ఫరో దగ్గరికి వచ్చి దేవుని మాటగా ‘లెట్ మై పీపుల్ గో’ అంటారు. నాలుగో వచనంలో రాజు ఎదురు ప్రశ్న వేస్తాడు: మీరెందుకు ‘లెట్ ద పీపుల్ ఫ్రమ్ దెయిర్ వర్క్స్’ చేస్తున్నారని. మూడంటే మూడు వచనాల తేడాలో ఒకే మాట, ఎదురెదురు అర్థాలు. మొదటిదాని వెనక ‘గో’ ఉంది, అది పోనివ్వడం. రెండోదాని వెనక ‘ఫ్రమ్’ ఉంది, అది జనాన్ని పని చేసుకోనివ్వకుండా ఆపడం. తెలుగులో ఈ గొడవే లేదు, ‘పోనివ్వు’ వేరు, ‘ఆపు’ వేరు. థెస్సలొనీకయులకు రాసిన రెండో పత్రిక రెండో అధ్యాయం ఏడో వచనంలో ‘హీ హూ నౌ లెటెత్ విల్ లెట్’ అని ఇంకా బిగువైన వాక్యం ఉంది (లెటెత్ అంటే ‘లెట్స్’కు పాత రూపం). తెలుగు బైబిల్ అక్కడ ‘అడ్డగించు’ అనే మాటే వాడింది. పాత ఇంగ్లీషు పాఠం దగ్గర చిక్కుకున్నప్పుడు తెలుగు పాఠాన్ని పక్కన పెట్టుకోవడం నిఘంటువు తిరగేయడం కన్నా త్వరగా తేలే పని.

ఆటల్లో లెట్ ఇప్పటికీ అడ్డంకే. టెన్నిస్‌లో సర్వ్ చేసిన బంతి నెట్‌కు తగిలి, అయినా సరైన గడిలోనే పడితే అంపైర్ ‘లెట్’ అంటాడు. నెట్‌కు తగిలింది కాబట్టి ‘నెట్’ అంటున్నాడని చాలామంది అనుకుంటారు, కాదు. నెట్ అడ్డం వచ్చింది కాబట్టి ఆ సర్వ్‌ను లెక్కలోకి తీసుకోకూడదని ఆ మాటకు అర్థం. మొదటి సర్వ్‌కు లెట్ పడితే మొదటి సర్వే మళ్ళీ వేయాలి. రెండో సర్వ్‌కు పడితే ఆ రెండోది మాత్రమే మళ్ళీ వేయాలి, ముందు పోయిన ఫాల్ట్ (తప్పిన మొదటి సర్వ్) చెరిగిపోదు. అదే ఆట మధ్యలో ఇంకో బంతి కోర్టులోకి దొర్లుకొచ్చి లెట్ ఇస్తే పాయింట్ మొత్తం మళ్ళీ మొదలు, రెండు సర్వ్‌లూ తిరిగి వస్తాయి. టేబుల్ టెన్నిస్‌లోనూ నెట్‌కు తగిలిన మంచి సర్వ్ లెట్టే. బ్యాడ్మింటన్‌లో కాదు: సర్వ్ చేసిన షటిల్ నెట్ అంచును రాసుకుంటూ వెళ్ళి సరైన చోట పడితే ఆట సాగుతుంది. టెన్నిస్ నుంచి బ్యాడ్మింటన్‌కు మారినవాళ్ళు ఇక్కడ చేయి ఆపేసి పాయింట్ పోగొట్టుకుంటారు.

మాట అసలు రుచి తెలియాలంటే, బంతిని గోడకు కొట్టి ఆడే స్క్వాష్ చూడాలి. అక్కడ ఇద్దరూ ఒకే గదిలో ఒకరి దారిలో ఒకరు తిరుగుతుంటారు. ప్రత్యర్థి అడ్డం వచ్చినట్టు అనిపిస్తే ఆటగాడు ‘లెట్, ప్లీజ్’ అని అడుగుతాడు. రెఫరీ మూడింట్లో ఒకటి చెబుతాడు. ‘యెస్ లెట్’ అంటే అడ్డు నిజమే, మళ్ళీ ఆడండి. ‘నో లెట్’ అంటే అడ్డేమీ లేదు, లేదా నువ్వు బంతిని అందుకునే ప్రయత్నమే చేయలేదు, పాయింట్ పోయింది. ‘స్ట్రోక్’ అంటే అడ్డు రాకపోతే నువ్వే గెలిచేవాడివి కాబట్టి పాయింట్ నీదే. ఇందులో లెట్‌ను అనుమతిగా చదివితే ఒక్క తీర్పూ అర్థం కాదు.

అద్దె సంగతికొస్తే ఇది రెండో వైపు నుంచి వచ్చింది. వదలడం, విడిచి ఇవ్వడం అనే ‘ల్యాటన్’ అర్థం ఇక్కడ బతికి ఉంది. వైద్యం పేరిట నెత్తురు తీయడాన్ని ‘బ్లడ్‌లెట్టింగ్’ అనేదీ ఇదే అర్థంతో. బ్రిటిష్ ఇంగ్లీషులో ఇల్లు ‘లెట్’ చేసేది యజమాని మాత్రమే. ‘రెంట్’ అనే మాట ఇచ్చేవాడికీ తీసుకునేవాడికీ చెల్లుతుంది గానీ, లెట్ చెల్లదు. కాబట్టి అద్దెకు దిగినవాడు ‘ఐ హావ్ లెట్ ఎ హౌస్’ అంటే తనకో సొంతిల్లుందని, దాన్ని వేరేవాళ్ళకు ఇచ్చానని చెప్పినట్టు. అద్దెకు తీసుకున్న ఇంటిని మళ్ళీ ఇంకొకరికి ఇస్తే ‘సబ్‌లెట్’. అమెరికాలో బోర్డు మీద ‘టు లెట్’ బదులు ‘ఫర్ రెంట్’ రాస్తారు.

ఇక రోజువారీ వాడుక. ఇక్కడ తప్పులు కొన్నే గానీ మొండివి. ‘అలవ్’ తర్వాత ‘టు’ వస్తుంది, లెట్ తర్వాత రాదు. ‘లెట్ మీ టు నో’ తప్పు, ‘లెట్ మీ నో’ సరి. కర్మణి ప్రయోగానికి లెట్ సాధారణంగా లొంగదు. ‘నన్ను మాట్లాడనిచ్చారు’ అనే భావాన్ని కర్మణిలో చెప్పాలంటే ‘ఐ వాజ్ అలవ్డ్ టు స్పీక్’ అనాల్సిందే. లెట్ గో, లెట్ ఇన్, లెట్ ఆఫ్ లాంటి జంటల్లో మాత్రం ‘హీ వాజ్ లెట్ ఆఫ్’ అని చెల్లుతుంది. భూతకాలానికి రూపం మారదు కాబట్టి ‘షీ లెట్ హిమ్ ప్లే’ కనిపిస్తే చివర ‘ఎస్’ లేదని గమనించి ‘ఆడనిచ్చింది’ అని చదవాలి. ‘ఎస్’ ఉంటే ‘ఆడనిస్తుంది’.

‘లెట్ అజ్’, ‘లెట్స్’ దగ్గర తెలుగువాళ్ళకు ఒక సౌకర్యం ఉంది. ఇంగ్లీషుకు లేని తేడా మన భాషలో ఉంది: మనం వేరు, మేము వేరు. ‘లెట్ అజ్ గో’ అంటే ‘మనం వెళ్దాం’ కావచ్చు, ‘మమ్మల్ని వెళ్ళనివ్వండి’ కావచ్చు. అపాస్ట్రఫీ పెట్టి కుదించిన ‘లెట్స్ గో’ మాత్రం మామూలుగా ‘వెళ్దాం’ మాత్రమే. అందుకే పోలీసును బతిమాలుతున్నవాడు ‘లెట్స్ గో, సర్’ అంటే పోలీసును కూడా తనతో రమ్మంటున్నట్టు వినిపిస్తుంది. తర్వాత తోక (క్వశ్చన్ ట్యాగ్) తగిలించాల్సి వస్తే ‘వెళ్దాం’కు ‘షల్ వీ’, ‘వెళ్ళనివ్వండి’కి ‘విల్ యూ’.

తెలుగులోకి తెచ్చేటప్పుడు ప్రతి లెట్‌నూ ‘అనుమతించు’ అని దించేయడం అన్నిటికన్నా పెద్ద పొరపాటు. ‘నివ్వు’, దాని పొట్టిరూపం ‘నీ’ మనకున్నాయి: రానీ, పోనీ, కానీ. ‘లెట్ ఇట్ గో’ అంటే చాలాచోట్ల ‘పోనీలే’ అంతే. సలహాకు ‘దాం’. ఆకాంక్షకు, శాసనానికి ‘గాక’ లేదా ఆజ్ఞారూపం. ‘లెట్ దేర్ బి లైట్’లో అనుమతి ఇచ్చేవాడూ అడిగేవాడూ ఎవరూ లేరు. ‘వెలుగును ఉండనివ్వండి’ అని రాస్తే యంత్రం చేసిన అనువాదమని మొదటి చూపులోనే తెలిసిపోతుంది. ‘వెలుగు కలుగు గాక’ చాలు.

జంటమాటల్లో ఎక్కువ జాగ్రత్త కావాల్సింది ‘లెట్ అలోన్’ దగ్గర. ఇంగ్లీషులో తేలికది ముందు, కష్టమైనది తర్వాత: ‘హీ కాన్ట్ వాక్, లెట్ అలోన్ రన్’. తెలుగులో వరస తిరగబడుతుంది: ‘పరుగెత్తడం మాట అటుంచి, నడవడమే రాదు’. వరస మార్చకుండా దించితే నవ్వు వస్తుంది. మధ్యలో మనిషి దూరి ‘లెట్ హిమ్ అలోన్’ అయితే అది వేరే సంగతి, ‘వాడి జోలికి పోకు’. మిగతావి త్వరగా: లెట్ డౌన్ అంటే ఆశపెట్టి నిరాశపరచడం, దర్జీ దగ్గరైతే మడత విప్పి పొడవు పెంచడం. లెట్ అవుట్ అంటే కుట్టు విప్పి వదులు చేయడం. లెట్ ఆఫ్ శిక్ష లేకుండా వదిలేయడం, లెట్ అప్ వాన లాంటిది తగ్గుముఖం పట్టడం, లెట్ ఆన్ రహస్యాన్ని పొక్కనివ్వడం. బుక్‌లెట్, డ్రాప్‌లెట్ చివరనున్న లెట్‌కు వీటితో చుట్టరికం లేదు. అది ఫ్రెంచి వైపు నుంచి వచ్చిన, ‘చిన్న’ అనే అర్థమిచ్చే ప్రత్యయం.

గణితంలో ‘లెట్ ఎక్స్ బి 5’ అంటే ‘ఎక్స్ విలువ 5 అనుకుందాం’. ప్రోగ్రామింగ్ భాషలు దీన్నే ఎత్తుకున్నాయి. 1964లో డార్ట్‌మత్ కాలేజీలో పుట్టిన తొలి బేసిక్ భాషలో ఒక పేరుకు విలువ ఇవ్వాలంటే ముందు లెట్ రాయాల్సి వచ్చేది. జావాస్క్రిప్ట్‌లోకి ఇది 2015 ప్రమాణంతో వచ్చింది. అక్కడ లెట్‌తో ప్రకటించిన పేరుకు తర్వాత వేరే విలువ ఇవ్వొచ్చు. స్విఫ్ట్‌లో అదే లెట్ విలువను మార్చనివ్వదు, మార్చాలంటే ‘వార్’ వాడాలి. రస్ట్‌లోనూ మామూలుగా మారదు, మార్చాలంటే పక్కన ‘మ్యూట్’ చేర్చాలి. జావాస్క్రిప్ట్ అలవాటుతో స్విఫ్ట్ రాయడానికి కూర్చున్నవాళ్ళు మొదటి గంటలోనే కంపైలర్‌తో (రాసిన కోడ్‌ను యంత్రానికి అర్థమయ్యేలా మార్చే ప్రోగ్రామ్‌తో) తిట్లు తినేది ఇక్కడే. ఒక భాషలో పోనిచ్చే లెట్, ఇంకో భాషలో అడ్డుకుంటుంది.