కల్పిత లోకానికి ఓ ప్రాచీన దర్శన గ్రంథం – 4వ పాఠం: మళ్లీ సూత్రాల దగ్గరికే

ఈసారి భాష్యం, అంటే సూత్రాలకు పండితులు రాసే వివరణ, మొదలుపెట్టాలి. కానీ కుదిరేలా లేదు. మీ లోకానికి ఆరు సూత్రాలు రాయమంటే వచ్చినవాటిలో ఎక్కువ ఈ తరహావే: "కాలమే గురువు", "వెలుగును వెతికేవాడే వెలుగు". అమీర్‌పేటలో ఆటో వెనక రాయించుకోవడానికి బాగుంటాయి. చదవగానే అర్థమై, అక్కడితో అయిపోతాయి. వీటి మీద తరతరాలుగా పండితులు కొట్టుకున్నారని మీ కథలో రాస్తే ఎవరూ నమ్మరు.

సూత్రం ఒంటరిగా నిలబడకూడదు. ముందు సూత్రంలోని మాటను అరువు తెచ్చుకుంటేనే దానికి అర్థం రావాలి. దీన్ని అనువృత్తి అంటారు. పాణిని వ్యాకరణం దాదాపు 4,000 సూత్రాల్లో ఇమిడిందంటే అందులో అనువృత్తి పాత్ర చాలా ఉంది.

మన నమూనా లోకం తెలిసిందే: అక్కడ రాళ్లు వింటాయి, న్యాయసభలో రాయి సాక్ష్యం చెల్లుతుంది. (హైదరాబాద్ చుట్టూ ఉన్న గ్రానైటు గుట్టల వయసు సుమారు 250 కోట్ల ఏళ్లు. ఊహకు ఊతం కావాలంటే సాయంత్రం ఖాజాగూడ వైపు వెళ్లి రండి.) ఆ లోకపు 'శిలాపాదం' ఇలా మొదలవుతుంది:

1. శిల వినును.
2. మరువదు.
3. అడగనిదే పలుకదు.
4. అడిగినవాని భాషలోనే.
5. కాదు, విన్న భాషలో.
6. అబద్ధమూ అట్లే.

రెండో సూత్రానికి కర్త మొదటిదాంట్లో ఉంది. నాలుగోదానికి క్రియ మూడోదాంట్లోంచి రావాలి. ఇక ఆరోదాంట్లో 'అట్లే' అంటే ఎట్లా? విన్న అబద్ధాన్ని కూడా మరువదనా, అడిగితే అబద్ధం కూడా పలుకుతుందనా? రెండోదే నిజమైతే న్యాయసభలో రాయి సాక్ష్యం ఎందుకూ పనికిరాదు. రెండే రెండు అక్షరాల మాట మీద ఒక లోకపు న్యాయవ్యవస్థ ఆధారపడింది. నేనైతే అసలు సూత్రం ముందు రాయను. తగాదా ముందు తేల్చుకుని, రెండు పక్షాలకూ చోటిచ్చేంత పొట్టిగా సూత్రాన్ని చెక్కుతాను. విశేషణం కనబడితే కొట్టేస్తాను.

మీ సూత్రాలకు ఒక పరీక్ష: ఒక్కో సూత్రం ఒక్కో చీటీ మీద రాసి కలిపేయండి. ఏ వరసలో చదివినా బాగానే ఉందంటే అవి సూక్తులే, పారేయండి. ఒక చీటీ తీసేస్తే తర్వాతిది కుంటుపడాలి.

ఇప్పుడు అయిదో సూత్రం. ఇక్కడే చాలామంది జారిపడ్డారు. పూర్వపక్షం (ఖండించడానికి ముందుగా పెట్టే ఎదుటివాడి వాదం) పెట్టమంటే "కొందరు మూర్ఖులు ఇట్లందురు" అని పెట్టారు. దయచేసి అలా రాయకండి. ఎదుటివాణ్ణి మూర్ఖుడంటే తగాదా అక్కడే తెగిపోతుంది. పైగా సూత్రాల్లో ఏది ఎదుటివాడి మాటో, ఏది గ్రంథకర్త మాటో చాలాచోట్ల రాసి ఉండదు. వేదాంతానికి మూలమైన బ్రహ్మసూత్రాల నాలుగో అధ్యాయం మూడో పాదంలో బాదరి మాట ముందు వస్తుంది, జైమిని మాట తర్వాత వస్తుంది, చివర గ్రంథకర్త బాదరాయణుడి మాట. ముందొచ్చిన బాదరి పక్షమే సిద్ధాంతం, అంటే తుది తీర్పు, అన్నారు శంకరులు. రామానుజులకు ఆఖరిదే సిద్ధాంతం. సూత్రాలు అవే, తీర్పు మాత్రం తిరగబడింది. మనకు కావలసింది సరిగ్గా ఇదే.

మన 'కాదు' కూడా అలాంటిదే. నాలుగోది గ్రంథకర్త మాట అనుకుంటే, 'కాదు' అన్నది ఆక్షేపణ. అప్పుడు రాయి ఎవరడిగితే వాళ్ల భాషలో చెబుతుంది, దుబాసీలకు పని లేదు. నాలుగోది పూర్వపక్షం అనుకుంటే 'కాదు' అన్నది గ్రంథకర్తే. రాయి తాను విన్న పాత భాషలోనే పలుకుతుంది కాబట్టి ఆ భాష వచ్చిన దుబాసీలు లేనిదే న్యాయసభ నడవదు. దుబాసీలు ఏ భాష్యాన్ని పోషిస్తారో చెప్పక్కర్లేదు.

మూడో భాష్యకారుణ్ణి రాతప్రతే పుట్టిస్తుంది. తాటాకు మీద గంటంతో రాసేటప్పుడు మాటల మధ్య ఎడం వదలరు. ఆకు అంచులు ముందుగా విరుగుతాయి. 4, 5 సూత్రాలను కలిపి రాసి చూడండి: "అడిగినవానిభాషలోనేకాదువిన్నభాషలో". మూడోవాడు దీన్ని ఒకే సూత్రంగా చదువుతాడు: "అడిగినవాని భాషలోనే కాదు, విన్న భాషలోనూ". 'నూ' ఏదీ అంటే అంచుతో పాటు విరిగిపోయిందంటాడు. వాడి లెక్కలో పాదానికి అయిదే సూత్రాలు. ఇది అతిగా అనిపిస్తే, బ్రహ్మసూత్రాలు శంకరుల లెక్కలో 555, రామానుజుల లెక్కలో 545 అని గుర్తుపెట్టుకోండి.

విషయం, సంశయం, పూర్వపక్షం, సిద్ధాంతం, సంగతి (ముందు చర్చతో పొంతన) – భాష్యంలో ఒక్కో చర్చకు ఉండే ఈ అయిదు అంగాల గురించి మళ్లీ చెప్పను. రెండో పాఠంలోవే.

అభ్యాసం: కొత్తగా తొమ్మిది సూత్రాలు. ఏ4 కాగితాన్ని నిలువునా 4 సెంటీమీటర్ల వెడల్పున కోస్తే అయిదు పట్టీలు వస్తాయి. సూత్రాలను వాటి మీద ఎడం లేకుండా, అంకెలు, విరామచిహ్నాలు లేకుండా రాయండి. ఒక పట్టీ కుడి అంచు వేలి వెడల్పున చింపండి. ఇంట్లో ఎవరికైనా ఇచ్చి పైకి చదవమనండి. మీరు అనుకోని చోట మాట విరిచారంటే దిద్దకండి, రాసుకోండి. మీ మూడో భాష్యకారుడు అక్కడున్నాడు. ఆ తర్వాత ఒకే సూత్రం మీద ముగ్గురి భాష్యాలూ తలా వంద మాటల్లో రాయండి. ముగ్గురూ గ్రంథకర్తను పూజించేవాళ్లే అయి ఉండాలి.

పేజీ అంచుల్లో వ్యాఖ్య ఎలా అల్లుకుంటుందో చూడాలనుకుంటే సాలార్‌జంగ్ మ్యూజియంలో అరబ్బీ, పారశీక రాతప్రతులున్నాయి. శుక్రవారం మాత్రం వెళ్లకండి, సెలవు.