షార్ట్ ఫిల్మ్‌లో చూపు నిలవట్లేదా?

సమస్య: వేయి స్తంభాల గుడిలో ఒక స్తంభాన్ని కెమెరా కదపకుండా రెండు నిమిషాలు తీశారు. దోస్తులకు వేసి చూపిస్తే అర నిమిషానికే ఫోన్లు తీశారు. "ఇది ఫొటోనా?" అని ఒకరు.

కారణం: తప్పు షాట్ పొడుగుది కాదు. మన కన్ను ఒకచోట ఆగదు, సెకనుకు దాదాపు మూడుసార్లు చోటు మారుతుంది. స్పష్టంగా కనిపించేది, చెయ్యి చాచితే బొటనవేలి గోరు కప్పేంత మేరే. మీ స్తంభం నడిమధ్యన ఉంది, వెలుగంతా దాని మీదే ఉంది. చూపు అక్కడికి పోయింది, ఇక వెతకడానికి ఏమీ మిగల్లేదు.

పరిష్కారం: ఆ నల్లరాయి నున్నగా మెరుస్తుంది. ఏటవాలు ఎండలో దగ్గరికెళ్లి చూడండి. వెనక నడిచేవాళ్ల ప్రతిబింబం గుండ్రటి రాతి మీద సన్నగా సాగి పక్కకు జారిపోతుంది. మనిషిని చూపించకుండా ఆ జాడను మాత్రం ఫ్రేమ్ అంచున ఉంచండి. అంచు చూపుకు వివరాలు అందవు కానీ కదలిక ఇట్టే దొరుకుతుంది. ఏదో దాటిపోయిందని చూసేవాళ్లు అటు తిరుగుతారు, మళ్లీ వస్తుందేమోనని కాచుకుంటారు. మ్యూజిక్‌తో కవర్ చేద్దామనుకోకండి. మ్యూట్‌లో నిలవని షాట్ బీజీఎంతో నిలిచినట్టు కనిపిస్తుంది, అంతే. (ట్రైపాడ్ పెట్టాలంటే పురావస్తు శాఖ అనుమతి ముందే తీసుకోండి.)

సమస్య: ఖిలా వరంగల్ తోరణం సీన్‌లో, రెండు కట్‌ల మధ్య నటుడి చొక్కా మార్చారు. కథంతా దాని మీదే. ఎవరూ గమనించలేదు.

కారణం: మార్పును పట్టిచ్చేది అది జరిగిన క్షణంలోని కదలిక. కట్ దాన్ని మింగేస్తుంది. అమెరికాలో సైకాలజిస్టులు సైమన్స్, లెవిన్ చేసి 1998లో ప్రచురించిన ప్రయోగంలో, దారి అడిగే మనిషిని మధ్యలో తలుపు అడ్డుతెచ్చి మార్చేస్తే, దారి చెబుతున్నవాళ్లలో దాదాపు సగం మందికి తెలియనే లేదు. చొక్కా ఎంత!

పరిష్కారం: మార్చడానికి ముందే చొక్కా మీదికి చూపు పోనివ్వండి. గుండీ పెట్టుకుంటున్న వేళ్లు క్లోజప్‌లో చాలు. తర్వాత మార్చండి.

సమస్య: రాత్రి హన్మకొండ చౌరస్తా షాట్‌లో నల్ల చారలు పారుతున్నాయి.

పరిష్కారం: మన కరెంటు 50 హెర్ట్జ్, కొన్ని ఎల్ఈడీలు సెకనుకు 100 సార్లు మినుకుతాయి. షట్టర్ స్పీడ్ దానికి కలిసేలా 1/50 లేదా 1/100 సెకను పెట్టండి.

మెరుపులు కావాలనే ఎడిట్‌లో పెడుతుంటే మాత్రం జాగ్రత్త. సెకనుకు మూడు దాటితే, వెలుగుకు మూర్ఛ వచ్చే తత్వం ఉన్నవాళ్లకు ప్రమాదం. హెచ్చరిక కార్డు సినిమా మొదలవ్వకముందే వేయండి.