అల్బేనియా నాయకుల జ్ఞాపకాలను చరిత్రకు ఆధారంగా ఎలా చదవాలి?

ముందు పుస్తకం సంపాదించండి. అల్బేనియన్ రాదని వెనకాడక్కర్లేదు. 1944 నుంచి 1985లో చనిపోయేదాకా దేశాన్ని ఏలిన ఎన్వర్ హోజా జ్ఞాపకాలను తిరానాలోనే ఇంగ్లీషులో అచ్చువేశారు. స్కాన్ చేసిన ప్రతులు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో దొరుకుతాయి. వెతికేటప్పుడు ఆయన ఇంటిపేరులో ‘జా’ దగ్గర ఎక్స్, హెచ్, ఏ కొట్టాలి.

తర్వాత అచ్చయిన ఏడాది చూడండి. నన్నడిగితే అసలు పని ఇదే. 1960 నవంబరులో సోవియట్ నాయకుడు క్రుశ్చేవ్‌తో తలపడటానికి హోజా మాస్కో వెళ్లినప్పుడు ప్రధాని మెహ్మెత్ షేహు వెంట ఉన్నాడు. ఆ గొడవ గురించి 1980లో వచ్చిన ‘ద క్రుశ్చేవైట్స్’ తొలి ముద్రణలో షేహు నమ్మకమైన సహచరుడు. 1981 డిసెంబరులో షేహు చనిపోయాడు; ఆత్మహత్య అని ప్రభుత్వం ప్రకటించింది. 1982లో వచ్చిన ‘ద టైటోయిట్స్’లో అదే మనిషి ఏనాటి నుంచో విదేశీ గూఢచారి! రెండేళ్లలో పాత సంగతులేమీ మారలేదు, రాసేవాడి అవసరం మారింది. అలాగని ఆ పేజీలు చింపి పారేయకండి. షేహు గురించి అవి చెప్పేది నమ్మలేం గానీ, 1982 నాటి తిరానాలో అధికారం ఎలా నడిచిందో వాటికన్నా బాగా చెప్పేవి తక్కువ.

మూడోది, ఎదుటి పక్షం మాట వినండి. 1943 ఆగస్టులో ముక్యే అనే ఊళ్లో కమ్యూనిస్టుల నాయకత్వంలోని ఫ్రంటు, బల్లి కొంబెతార్ అనే జాతీయవాద సంస్థ ఒప్పందం చేసుకున్నాయి. కమ్యూనిస్టు పార్టీ వెంటనే దాన్ని కాదంది. తప్పంతా తమ తరఫున చర్చలు జరిపిన యుమెర్ డిష్నిత్సాదేనని హోజా అంటాడు. యుద్ధకాలంలో అల్బేనియాలో పనిచేసిన బ్రిటిష్ అధికారులు బయటివాళ్లు కదా, వాళ్లు చెప్పిందే నిజమనుకుంటారేమో! కొండల్లో జోగ్ రాజు పక్షం వాళ్లతో తిరిగిన డేవిడ్ స్మైలీ (పుస్తకం 1984), పార్టిజాన్లతో, అంటే కమ్యూనిస్టుల గెరిల్లాలతో, ఉన్న రెజినాల్డ్ హిబ్బర్ట్ (పుస్తకం 1991) ఒకే యుద్ధం గురించి ఎదురెదురు తీర్పులిచ్చారు. ఎవరు ఎవరి గుడారంలో పడుకున్నారో ముందు రాసిపెట్టుకోండి.

చివరగా ఆనాటి కాగితాలతో సరిచూడండి. బ్రిటిష్ రహస్య దళం ఫైళ్లు లండన్‌లో క్యూ అనే చోట ఉన్న నేషనల్ ఆర్కైవ్స్‌లో ఉన్నాయి. అల్బేనియా పార్టీ సమావేశాల మినిట్స్ కొన్ని విల్సన్ సెంటర్ డిజిటల్ ఆర్కైవ్‌లో ఇంగ్లీషులో చదవొచ్చు. ఇరవై ఏళ్ల కిందటి సంభాషణ పేజీలకు పేజీలు కొటేషన్లలో కనిపిస్తే, మొదట వెతకాల్సింది ఆ మినిట్స్‌నే.